చెక్కిన బొమ్మను పగలగొట్టాలనిపిస్తే

ముందు సుత్తి కింద పెట్టు, అబ్బయ్యా.

చీమకుర్తి గెలాక్సీ రాయి, అంటే బంగారు చుక్కలున్న నల్ల గ్రానైట్ మీద పని నేర్చుకునే ప్రతి కుర్రాడికీ ఈ గడియ వస్తుంది. నెలల తరబడి చెక్కిన అమ్మవారికి ముక్కు కొస దగ్గర పెచ్చు లేస్తుంది. రాయి నా మాట వినలేదన్న కసితో ఒక్క దెబ్బకు తల లేపెయ్యాలనిపిస్తుంది. ఆ సాయంత్రం ఏదీ తేల్చొద్దు. పొద్దంతా గ్రైండర్ పట్టిన చెయ్యి తిమ్మిరెక్కి, మణికట్టు సలుపుతుంటే బొమ్మలో తప్పులే కనిపిస్తాయి. వేళ్ల కొసలు తెల్లబడుతున్నాయా, గ్రైండర్ అదురు రక్తనాళాలను దెబ్బతీస్తోందన్నమాట, డాక్టరుకు చూపించు. నొప్పి ఓర్చుకున్నవాడే శిల్పి అనే మాట నేను ఒప్పుకోను. ఆ మాట నమ్మి చేతులు పోగొట్టుకున్న మంచి పనివాళ్లను చూశాను.

మర్నాడు రాయి మీద నీళ్లు పోసి ఆరనియ్యి. చుట్టూ ఆరిపోయినా సన్నటి గీతలా తడి నిలిస్తే అది బీట. చిన్న సుత్తితో తట్టి విను: ఖంగుమంటే గట్టి రాయి, మొద్దుగా మోగితే లోపల పగులుంది. కంటిని నమ్ముకోవద్దు. ఉలి తగిలినచోట ఈ రాయి బూడిదరంగుకు తిరుగుతుంది, బంగారు చుక్కలు పాలిష్ పడితేగాని తేలవు.

బీట లేకపోతే ముఖమంతా ఆ పెచ్చు లోతుకు దించు. ముక్కొక్కటే దించితే ముఖం చప్పిడైపోతుంది. నుదురు, చెంపలు, గడ్డం కూడా దిగాలి. ఇందుకోసమే మొదట్లో ముఖం దగ్గర బొటనవేలి మందం రాయి మిగుల్చుకోవాలి. ఎంత దించాలో రాయి చెప్పినట్టు విను, పంతానికి పోవద్దు.

ఇటలీ మహాశిల్పి మైకెలాంజెలో అంతటివాడు 1555 ప్రాంతంలో, ఎనభై ఏళ్ల వయసులో, తన సమాధి కోసం చెక్కుకుంటున్న పియెటాను, అంటే చనిపోయిన క్రీస్తును తల్లి మేరీ పట్టుకున్న బొమ్మను, సుత్తితో కొట్టేశాడు. పాలరాయిలో లోపముందనీ, పని తనకే నచ్చలేదనీ చెబుతారు. ముక్కల్ని శిష్యుడు కల్కాన్యి అతికించాడు. క్రీస్తు ఎడమ కాలు ఇప్పటికీ లేదు, అయినా ఫ్లోరెన్స్‌లో జనం దాని ముందు నిలబడిపోతారు. నాకైతే ఆ ముసలాయన బాధే ఎక్కువ కనిపిస్తుంది.

బీట మెడను దాటిందా, అప్పుడు పగలగొట్టు. కళ్లద్దాలు, మాస్కు పెట్టుకో, పక్కన ఎవరినీ నిలబడనివ్వకు. గుడికి ఒప్పుకున్న విగ్రహమైతే అతికించి ఇవ్వాలని మాత్రం చూడకు, విరిగి భిన్నమైన విగ్రహానికి పూజ చెయ్యరు. ధర్మకర్తకు ఆ రోజే ఫోన్ చేసి, కొత్త రాయికి ఎంత సమయం కావాలో చెప్పెయ్యి.