టింకా కుర్తి సినిమా చూడాలంటే ఇలా వెతకండి

యూట్యూబ్‌లో ఇంగ్లీషు అక్షరాల్లో ఊరికే ‘తానా’ అని కొట్టి చూడండి. అమెరికాలో మనవాళ్ల తానా సభలు, ఆ స్టేజీ మీది డాన్సులు, స్పీచులు వరసగా వచ్చిపడతాయి. నేనూ మొదట అక్కడే ఇరుక్కుపోయాను. మనకి కావాల్సింది 1958లో వచ్చిన అల్బేనియా సినిమా ‘తానా’, అంటే ఆ దేశం సొంతంగా తీసుకున్న మొట్టమొదటి పూర్తి నిడివి కథాచిత్రం, అందులో తానాగా వేసిన అమ్మాయే టింకా కుర్తి.

అందుకని సినిమా పేరు పక్కన 1958 అనో, డైరెక్టర్ క్రిస్తాక్ ధామో పేరో తప్పకుండా చేర్చండి. ఇంకా మంచి ఫలితాలు రావాలంటే ‘ఫిల్మ్’ అని కొట్టి, దాని పక్కన ఎస్, హెచ్, క్యూ, ఐ, పి, టి, ఎ, ఆర్ అక్షరాలు కలిపి ఒకే మాటగా టైప్ చేయండి. అల్బేనియన్ సినిమా అని వాళ్ల భాషలో అలాగే రాస్తారు, ఎందుకంటే వాళ్లు తమ దేశాన్ని అల్బేనియా అనుకోరు, వాళ్ల పేరు వేరే.

హీరో దగ్గర ఇంకో తిరకాసు ఉంది. ఆయన పేరు నయీం ఫ్రాషరి, సరిగ్గా అదే పేరుతో వాళ్ల జాతీయ కవి ఒకాయన 1900లోనే పోయాడు. గడ్డం ఉన్న పాతకాలపు బొమ్మ వస్తే అది కవిగారిది, వెనక్కి వచ్చేయండి. 1953 నాటి ‘స్కందర్‌బేగ్’ని తొలి సినిమా అనేవాళ్లూ తగులుతారు గానీ, అది సోవియట్‌వాళ్లతో కలిసి తీసింది, డైరెక్టరూ రష్యాలో పనిచేసినవాడే, కాబట్టి నా లెక్కలో అది రాదు.

సినిమా దొరికాక సబ్‌టైటిల్స్ లేవని టెన్షన్ పడకండి. కొండ ఊళ్లో తానా అనే చురుకైన పిల్ల, ఆమె ప్రేమించిన స్టెఫాన్, వాళ్లని చూసి కుళ్లుకునే ఇంకొకడు, పాత పద్ధతులు వదలని తాత, కథ ఇంతే. ఇది తెలిస్తే చాలు. అప్పుడు దేశం కమ్యూనిస్టు నియంత ఎన్వర్ హోజా చేతిలో ఉంది, సినిమాలు తీసేది 1952లో మొదలైన ప్రభుత్వ స్టూడియో, అందుకే ‘కొత్త జీవితం’ ప్రచారం కాస్త గట్టిగానే ఉంటుంది, అది వచ్చినప్పుడు ఓపిక పట్టండి. నా మాట విని మొదటిసారి సౌండ్ తగ్గించి టింకా మొహం మాత్రమే చూడండి, డైలాగుల సంగతి రెండోసారి. సరాయెవోలో 1932లో పుట్టి, అల్బేనియాలోని ష్కోదర్ ఊళ్లో పెరిగి, అక్కడి మిజేని థియేటర్‌లో నాటకాలు వేసిన మనిషి, ఈ సినిమా వచ్చేనాటికి పాతికేళ్లే. స్టేజీ మీద చివరి వరసదాకా వినిపించేలా నటించే అలవాటున్నవాళ్లు కెమెరా ముందు ఎంత తగ్గించుకోవాలో గమనిస్తూ చూస్తే భాష రాకపోయినా బోర్ కొట్టదు.

నచ్చితే ఆ తర్వాత ఆమె వేసిన అమ్మ పాత్రలు వెతకండి, అక్కడివాళ్లకి ఆమె ఎక్కువగా గుర్తున్నది వాటితోనే. ఈసారి సినిమా పేరు బదులు నటి పేరుతోనే వెతకండి. అల్బేనియన్‌లో ఇంగ్లీషు ‘ఇ’ (E) అక్షరం మీద రెండు చుక్కలు పెట్టే పద్ధతి ఉంది, ఒకరు చుక్కలతో రాస్తారు, ఒకరు లేకుండా రాస్తారు, కాబట్టి సినిమా పేర్లని రెండు రకాలుగానూ కొట్టి చూడాల్సి వస్తుంది. ఆమె పేరులో మాత్రం ఆ గొడవ లేదు.