మాలా-ఎన్ మొదలెట్టే ముందు: క్యాన్సర్ సంగతి చూసుకునే పద్ధతి

ఆశా కార్యకర్త గర్భం రాకుండా వేసుకునే మాలా-ఎన్ మాత్రల అట్ట చేతిలో పెట్టగానే పలాసలోనైనా బొబ్బిలిలోనైనా వచ్చే ప్రశ్న ఒకటే: "ఇవి మింగితే కేన్సరొచ్చేస్తాదట, నిజమేనేటి?" సగం నిజం. మాలా-ఎన్‌లా ఈస్ట్రోజెన్, ప్రొజెస్టిన్ అనే హార్మోన్లు కలిసిన మాత్రల వల్ల రొమ్ము, గర్భాశయ ముఖద్వార క్యాన్సర్ల ముప్పు కొంత పెరుగుతుంది. అవే మాత్రలు ఐదేళ్లు వాడితే అండాశయ క్యాన్సర్ ముప్పు ఐదో వంతు, గర్భసంచి లోపొర క్యాన్సర్ ముప్పు దాదాపు నాలుగో వంతు తగ్గుతాయి. మానేశాక కూడా ఆ రక్షణ 30 ఏళ్ల దాకా కొంత మిగులుతుంది.

ముందు మీ వయసు చూసుకోండి. రొమ్ము క్యాన్సర్ లెక్కంతా దాని మీదే ఉంది. 2023లో వెలువడిన బ్రిటన్ పరిశోధన ప్రకారం 16-20 ఏళ్ల మధ్య ఐదేళ్లు హార్మోన్లు వాడితే, మొదలెట్టిన నాటి నుంచి 15 ఏళ్లలో లక్ష మందికి అదనంగా వచ్చేవి 8 కేసులు. 35-39 మధ్య వాడితే 265. మాత్ర వల్ల ముప్పు పెరిగే నిష్పత్తి రెండు వయసుల్లోనూ ఒకటే. వయసుతో పాటు జబ్బే ఎక్కువవుతుంది కనుక అంత తేడా. పైగా రొమ్ము క్యాన్సర్ మన దగ్గరకన్నా బాగా ఎక్కువగా ఉన్న దేశాల లెక్కలివి. మాత్ర మానేశాక ముప్పు తగ్గుతూ వచ్చి, పదేళ్లకు దాదాపు పోతుంది. కాబట్టి 22 ఏళ్లప్పుడు బిడ్డల మధ్య ఎడం కోసం మూడేళ్లు వాడటానికి జంకక్కర్లేదు. 38 ఏళ్లప్పుడైతే పదేళ్లు పనిచేసే కాపర్-టీ మేలు, అందులో హార్మోనే లేదు.

గర్భం రాకుండా వేసే అంతర ఇంజెక్షన్ (మూడు నెలలకోసారి 150 మి.గ్రా.) కూడా హార్మోనే. రొమ్ము విషయంలో దానికీ ఇదే లెక్క. వారం మాత్ర ఛాయాలో ఈ హార్మోన్లు ఉండవు.

తర్వాత బీపీ చూపించుకోండి. 140/90 గానీ అంతకు మించి గానీ ఉంటే మాలా-ఎన్ వద్దు. కిడ్నీ జబ్బు ఎక్కువగా ఉన్న ఉద్దానం ఊళ్లలో కిడ్నీల పనితీరు తెలిపే క్రియాటినిన్ రక్తపరీక్ష కూడా చేయించుకుని డాక్టరును అడగండి. 35 దాటి పొగతాగేవారు ఈ మాత్ర ముట్టుకోకూడదు. మన దగ్గర పొగ మాట మగవాళ్లదేననుకుని దాటేస్తారు గానీ, అడ్డపొగ (చుట్ట నిప్పు కొనను నోట్లో పెట్టుకుని) పీల్చే ఆడవాళ్లకూ ఇది వర్తిస్తుంది. వాళ్లకు అంగిలి క్యాన్సర్ ముప్పు ఎలాగూ ఉంది, మాత్రతో గుండెపోటు, పక్షవాతం ముప్పు కూడా తోడవుతుంది. బిడ్డకు ఆరు నెలలు నిండని పాలతల్లులు, కాళ్ల సిరల్లో రక్తం గడ్డకట్టినవారు, రొమ్ము క్యాన్సర్ వచ్చినవారు కూడా వాడకూడదు. అమ్మకో అక్కకో రొమ్ము క్యాన్సర్ వచ్చినంత మాత్రాన మానక్కర్లేదు. రొమ్ములో గడ్డ తగిలితే మాత్రం ముందు అదేమిటో తేల్చుకోవాలి.

ఐదేళ్లు దాటి వాడుతుంటే ముఖద్వార క్యాన్సర్ ముప్పు దాదాపు రెట్టింపవుతుంది. దాని అసలు కారణం హెచ్‌పీవీ వైరస్. 30 నిండినవారు ఏఎన్ఎంను అడిగి వీఐఏ పరీక్ష చేయించుకోండి: ముఖద్వారానికి పలచని ఎసిటిక్ ఆమ్లం రాసి, ఒక నిమిషం ఆగి, తెల్లమచ్చలు తేలాయేమో చూస్తారు. నెలసరి రోజుల్లో వెళితే సరిగా కనపడదు. మచ్చ తేలితే అది క్యాన్సరని కాదు, పెద్దాసుపత్రిలో ముక్క తీసి చూడాలి.

అట్టలో 21 హార్మోన్ మాత్రలు, 7 ఇనుము మాత్రలు ఉంటాయి. నెలసరి మొదలైన ఐదు రోజుల్లోపు మొదలెట్టి, రోజూ ఒకే వేళకు వేసుకోండి. ఒకటి మరిస్తే గుర్తురాగానే మింగండి. వరసగా రెండు, అంతకు మించి తప్పితే ఏడు రోజులు కండోమ్ కూడా వాడాలి. మూడో వారంలో అలా జరిగితే ఇనుము మాత్రలు వదిలేసి కొత్త అట్ట మొదలెట్టండి. టీబీకి ఇచ్చే రిఫాంపిసిన్, ఫిట్స్ మందుల్లో కొన్ని మాత్ర బలాన్ని తగ్గిస్తాయి. పైడితల్లి సిరిమానోత్సవానికని నెలసరి వెనక్కి నెట్టడానికి వేసుకునే మాత్రలు వేరు, వాటిని నమ్ముకుంటే గర్భం ఆగదు.

మొదటి మూడు నెలలు నడుమ నడుమ కాస్త రక్తం కనపడటం మామూలే. ఆ తర్వాతా ఆగకపోయినా, కలయిక తర్వాత రక్తం కనపడినా, మందుల షాపులో వేరే అట్ట అడక్కుండా డాక్టరుతో ముఖద్వారం పరీక్ష చేయించుకోండి.