బాల్సమిక్ డ్రెస్సింగ్ కుదరడం లేదా? లోపం ఎక్కడుందో ఇలా పట్టుకోండి

బెంగళూరులో ఆకుల సలాడ్‌కి కావలసినవి దొరకడం ఇప్పుడు కష్టం కాదు. రొమైన్, ఐస్‌బర్గ్, అరుగులా ఏది కావాలన్నా సూపర్‌మార్కెట్లో ఉంటుంది, లేదంటే డెలివరీ యాప్‌లో ఇంటికే వస్తుంది. ద్రాక్ష రసంతో చేసే బాల్సమిక్ వెనిగర్ సీసా కూడా అంతే. కానీ ఎంతో ఇష్టంగా కొన్న ఆ సీసా రెండుసార్లు వాడాక అలమర మూలకి చేరిపోవడం చాలా ఇళ్లలో చూస్తున్నాను. దాంతో చేసిన డ్రెస్సింగ్ పుల్లగా ఉందనో, నూనె నూనెగా ఉందనో, అసలు కలవడమే లేదనో అంటారు. వీటిలో చాలావాటికి కొత్త సీసా కొనక్కర్లేదు, చేసింది పారబోయనూ అక్కర్లేదు. ఏది ముందు వేశాం, ఎంత వేశాం, ఆకు తడిగా ఉందా పొడిగా ఉందా అన్నది చూసుకుంటే సరిపోతుంది.

ముందుగా నేను వాడే కొలత చెబుతాను. బాల్సమిక్ వెనిగర్ 2 టేబుల్ స్పూన్లు, ఆలివ్ నూనె 4 టేబుల్ స్పూన్లు, మస్టర్డ్ (సీసాలో దొరికే ఆవాల పేస్ట్) 1 టీస్పూన్, ఉప్పు పావు టీస్పూన్, దంచిన మిరియాలు కొద్దిగా. నలుగురికి సరిపోతుంది. మామూలు వెనిగర్‌తో చేసేటప్పుడు ఒక వంతుకి మూడు వంతుల నూనె వేస్తారు. బాల్సమిక్‌లో ద్రాక్ష తీపి ఉంటుంది కాబట్టి రెండు వంతులు చాలు.

నూనె పైకి తేలిపోతోంది, ఎంత కలిపినా విడిపోతోంది

నూనె, వెనిగర్ విడిపోవడం వాటి గుణం. గిలక్కొడితే నూనె చిన్న చిన్న బొట్లుగా చెదురుతుంది, వదిలేస్తే ఆ బొట్లు మళ్లీ ఒకదానితో ఒకటి కలిసి పైకి తేలతాయి. వాటిని కలవనీయకుండా పట్టి ఉంచేది మస్టర్డ్. ఆవగింజ పొట్టులో ఉండే జిగురు, గింజలోని ప్రొటీన్ నూనె బొట్ల చుట్టూ పొరలా చేరతాయి. అందుకే ఆ ఒక్క టీస్పూన్‌ని రుచి కోసమే అనుకుని వదిలేయకండి.

మస్టర్డ్ వేసినా విడిపోతోందంటే తప్పు వరుసలో ఉంది. అన్నీ ఒకేసారి గిన్నెలో పోసి కలపకూడదు. ముందు వెనిగర్‌లో ఉప్పు, మిరియాలు, మస్టర్డ్ వేసి ఉప్పు పూర్తిగా కరిగేదాకా తిప్పండి. ఉప్పు నూనెలో కరగదు. నూనె ముందు పోస్తే ఆ ఉప్పు అడుగున పలుకులుగా ఉండిపోయి చివరి ముద్దలో ఒక్కసారిగా తగులుతుంది. ఉప్పు కరిగాక నూనెని మొదట చుక్కలుగా, ఆ తర్వాత సన్నని ధారగా పోస్తూ విస్క్‌తోనో ఫోర్క్‌తోనో ఆపకుండా తిప్పండి. ముదురు గోధుమ రంగు కాస్త పాలిపోయి కాఫీ డికాక్షన్‌లో రెండు చుక్కల పాలు పడిన రంగుకి వస్తుంది. గరిటె వెనక వేలితో గీత గీస్తే ఆ గీత వెంటనే పూడుకుపోకూడదు. అప్పుడు కుదిరినట్టు.

అంత ఓపిక లేకపోతే మూత గట్టిగా ఉన్న సీసాలో వేసి గిలక్కొట్టండి. సీసా సగానికి మించి నిండకూడదు, లోపల కదలడానికి చోటుండాలి. ఒకసారి విడిపోయిందని కంగారు పడకండి, మళ్లీ ఊపితే కలుస్తుంది. రుచి ఏమీ పోదు.

మస్టర్డ్ సీసా లేని ఇంట్లో ఆవపిండి ఉంటుంది కదా, అది బాగానే పనిచేస్తుంది. కాకపోతే నేరుగా వెనిగర్‌లో వేయకండి. నీళ్లు తగిలాకే ఆవపిండికి ఘాటు పుడుతుంది. పులుపుగానీ వేడిగానీ ముందే తగిలితే ఆ ఘాటు సరిగా రాదు, చేదు మాత్రం మిగులుతుంది. ఆవపెట్టిన కూర చేసేవాళ్లకి ఈ సంగతి అలవాటుగానే తెలుసు. ఒక టీస్పూన్ ఆవపిండిని అంతే చన్నీళ్లతో తడిపి పది నిమిషాలు పక్కన పెట్టండి, తర్వాత వెనిగర్ కలపండి. బజార్లో దొరికే కసుంది (బెంగాలీల ఆవ పచ్చడి) కూడా పనికొస్తుంది, అందులో ఉప్పు ముందే ఉంటుంది కాబట్టి మీ ఉప్పు తగ్గించుకోండి.

కలిసింది కానీ చేదొచ్చింది

మిక్సీలో వేశారా? చాలావరకు కారణం అదే. ఎక్స్‌ట్రా వర్జిన్ ఆలివ్ నూనెలో చేదు, ఘాటు ఇచ్చే పాలీఫినాల్స్ ఉంటాయి. మిక్సీ బ్లేడు జోరుకి నూనె మరీ సన్నని బొట్లుగా విరిగిపోయినప్పుడు ఆ చేదు బయటపడుతుంది. చేత్తో తిప్పితే ఈ గొడవ ఉండదు. ఎక్కువ మందికి చేస్తూ మిక్సీ తప్పదనుకుంటే సన్‌ఫ్లవర్ నూనెతో మిక్సీ పట్టి, ఆలివ్ నూనెని చివర్లో చేత్తో కలపండి. ఇప్పటికే చేదెక్కిన దాన్ని పూర్తిగా బాగుచేయలేం. చిటికెడు ఉప్పు, అర టీస్పూన్ తేనె వేస్తే చేదు కొంత అణుగుతుంది.

గొంతు పట్టేస్తోంది, మరీ పుల్లగా ఉంది

నాకు ఎక్కువగా వినబడే ఫిర్యాదు ఇదే. ఇందులో రెండు వేరు వేరు సమస్యలు కలిసిపోయి ఉంటాయి. ముందు నూనె ఒక్కటే అర చెంచా నోట్లో వేసుకోండి. మింగాక గొంతు వెనక మిరియం తగిలినట్టు మండితే అది నూనె పని. తాజా ఎక్స్‌ట్రా వర్జిన్‌కి ఆ ఘాటు ఉంటుంది, అది లోపం కాదు. మీకు ఎక్కువనిపిస్తే సగం సన్‌ఫ్లవర్ నూనె కలుపుకోండి. నూనె మెత్తగా ఉండి, వెనిగర్ చుక్కకే నాలుక పక్కలు లాగేస్తే పులుపు వెనిగర్‌దే.

అప్పుడు సీసా తిప్పి పదార్థాల వరుస చదవండి. ఎక్కువ ఉన్నది ముందు రాస్తారు. ద్రాక్ష రసం, అంటే గ్రేప్ మస్ట్, ముందుంటే అది తియ్యగా, కాస్త చిక్కగా ఉంటుంది. వైన్ వెనిగర్ ముందుంటే పులుపు ఎక్కువ. సీసా మీద మొడెనా పేరు, ఐజీపీ (IGP) అనే ప్రాంతీయ గుర్తింపు ముద్ర ఉంటే అది ఇటలీలోని మొడెనా, రెజ్జో ఎమీలియా ప్రాంతాల్లో తయారైనది. కనీసం 6 శాతం ఆమ్లత, చెక్క పీపాల్లో కనీసం 60 రోజులు అన్న నియమాలు దానికి ఉన్నాయి. డ్రెస్సింగ్‌కి ఆ రకం చాలు. 'ట్రడిజియొనాలే' (Tradizionale) అని రాసి ఉండే చిన్న 100 మిల్లీలీటర్ల సీసా కనీసం 12 ఏళ్లు పీపాల్లో మగ్గినది. ఎవరైనా విదేశాల నుంచి తెచ్చిస్తే దాన్ని నూనెలో కలిపి వృథా చేయకండి. వడ్డించేటప్పుడు చుక్కలుగా వేసుకోవాల్సిన వస్తువు అది.

పులుపు సర్దడానికి ఒక్కో చెంచా నూనె చేరుస్తూ వెళ్లండి, మూడు వంతులు దాటనీయకండి. ఆపైన అర టీస్పూన్ తేనె, ఇంకొంచెం ఉప్పు. ఉప్పు తక్కువైనా పులుపు ఎక్కువగా తెలుస్తుంది, చాలామంది దాన్ని పట్టించుకోరు. ఇక రుచి చూడటం చెంచాతో కాదు. పచ్చడి ఒట్టిగా నాకితే ఉప్పూ కారం ఎక్కువనిపించి, అన్నంలో కలిపితే సరిపోతుంది కదా, ఇదీ అంతే. ఆకు ముక్క ముంచి, దులిపి, నమిలి చూడండి. చెంచా మీద 'అబ్బ, పులుపు' అనిపించినది ఆకు మీద సరిగ్గా ఉండొచ్చు.

వెనిగర్ మరీ పలచగా, కటువుగా ఉంటే అరకప్పు తీసుకుని సన్నని మంట మీద సగానికి మరిగించండి. తీపి చిక్కబడుతుంది, ఘాటు కొంత ఆవిరవుతుంది. కిటికీ తీసి పెట్టండి, ఆ పొగ కళ్లకీ గొంతుకీ తగులుతుంది.

బాల్సమిక్ ఖరీదెక్కువ అనిపించేవాళ్లకి ఈ ఊళ్లోనే ఒక దారి ఉంది. పండ్లు, కూరగాయలు అమ్మే హాప్‌కామ్స్ దుకాణాల్లో బెంగళూరు బ్లూ ద్రాక్ష వస్తుంది, గింజలుండే నల్ల ద్రాక్ష. (హాప్‌కామ్స్ అసలు 1959లో ద్రాక్ష రైతుల సహకార సంఘంగానే మొదలైంది.) అరకిలో చిదిమి, ఉడికించి, వడగట్టి, ఆ రసాన్ని నాలుగో వంతు మిగిలేదాకా మరిగించండి. చల్లారాక అంతే యాపిల్ సైడర్ వెనిగర్ కలపండి. ఇది బాల్సమిక్ కాదు, ఆ పీపాల వాసన రాదు. కానీ ఆ తీపి పులుపు వస్తుంది, మన కీరా, క్యారెట్లకి చక్కగా నప్పుతుంది.

పులుపే లేదు, తియ్యగా జిగటగా ఉంది

అనంతపురం నుంచి వచ్చిన మా పక్కింటి అమ్మాయి సీసా పట్టుకొచ్చి, "అక్కా, ఇది పోస్తే పాకం మాదిరి సాగుతా ఉందే, చెడిపోయిందంటావా?" అంది. చెడిపోలేదు, అది గ్లేజ్. సూపర్‌మార్కెట్ అరలో వెనిగర్ పక్కనే పెడతారు, రంగు అదే, పేరులో బాల్సమిక్ కూడా ఉంటుంది. ద్రాక్ష రసం, చిక్కబరిచే పదార్థాలు కలిపి చేస్తారు. పైన గీతలుగా వేసుకోవడానికి అది బాగుంటుంది. ఉన్నదాంతోనే గడుపుకోవాలంటే ఒక చెంచా గ్లేజ్‌కి ఒక చెంచా నిమ్మరసంగానీ యాపిల్ సైడర్ వెనిగర్‌గానీ కలిపి, దాన్ని వెనిగర్‌గా లెక్కేసి నూనె పోయండి. తేనె మాత్రం వేయకండి.

ఆకులకి పట్టడం లేదు, గిన్నె అడుగున నీళ్లు

తప్పు డ్రెస్సింగ్‌ది కాదు, తడిది. కడిగిన ఆకు మీద నీటి పొర ఉంటే నూనె నిలవకుండా జారిపోతుంది. ఆకుల్ని పలచని నూలు బట్టలో పరిచి, మూట కట్టి, సింకు దగ్గర నాలుగుసార్లు గట్టిగా ఊపండి. తర్వాత పరిచి ఆరనివ్వండి. చేత్తో పట్టుకుంటే అరచేతికి తడి తగలకూడదు.

ఆకు పొడిగానే ఉన్నా నీళ్లు చేరుతుంటే అవి కీరా, టమాటాలవి. ఉప్పు తగలగానే అవి నీరు వదులుతాయి. ముక్కలకి ముందే చిటికెడు ఉప్పు పట్టించి చిల్లుల గిన్నెలో పది నిమిషాలు ఉంచి, ఆ నీరు పోయాక కలపండి. రెండు పెద్ద గుప్పెళ్ల ఆకులకి ఒక టేబుల్ స్పూన్ డ్రెస్సింగ్ చాలు. చేత్తో కలిపితే బాగా పడుతుంది. ఆకు మెరవాలి, కారకూడదు.

ఆఫీసు బాక్సులో మధ్యాహ్నానికి ఆకులు వడిలిపోతున్నాయంటే ఉదయమే కలిపేస్తున్నారన్నమాట. వెనిగర్ ఆకుని వాడ్చేస్తుందని అనుకుంటాం, నిజానికి ఎక్కువ పని నూనెది. ఆకు మీద మైనం లాంటి పొర నీటిని ఆపుతుంది, నూనెని ఆపలేదు. మారతహళ్లి నుంచి వైట్‌ఫీల్డ్ దాకా ట్రాఫిక్‌లో కూర్చునే రోజుల్లో డ్రెస్సింగ్ అడుగున, దాని మీద ఉడికించిన శనగలు, క్యారెట్, ఆపైన కీరా, అన్నిటికన్నా పైన ఆకు పెట్టి, తినే ముందే బాక్సు తిరగేసి కలుపుకోండి. పనీర్ వేసేవాళ్లు దాన్ని చివర్లో పైన వేసుకుంటే గోధుమ రంగు పట్టదు.

ఫ్రిజ్‌లో గడ్డకట్టింది

ఆలివ్ నూనె చలికి పేరుకుంటుంది, వేరుశనగ నూనె కూడా. ఇరవై నిమిషాలు బయట పెట్టి ఊపండి, తొందరైతే సీసాని గోరువెచ్చని నీళ్లలో నిలబెట్టండి. గడ్డకడితేనే అసలైన ఆలివ్ నూనె అని కొందరు చెబుతారు. ఆ పరీక్షని నమ్మకండి, గడ్డకట్టడం, కట్టకపోవడం రెండూ స్వచ్ఛతకి గుర్తు కాదు.

పాత వాసన వస్తోంది

నిల్వ ఉన్న పిండివంటల వాసన వస్తే నూనె కనరెక్కింది. దీనికి మరమ్మతు లేదు, పారేయండి. నూనె సీసా స్టవ్ పక్కన, ఎండ పడే కిటికీలో పెట్టకండి. చెన్నైలో ఉండేవాళ్లు వేసవిలో చిన్న సీసాలే కొనుక్కోవడం మంచిది. వెనిగర్ అడుగున కనిపించే మడ్డి మాత్రం ప్రమాదం కాదు, తేర్చి వాడుకోవచ్చు.

వెల్లుల్లి విషయంలో మాత్రం జాగ్రత్త. పచ్చి వెల్లుల్లిని నూనెలో వేసి బయట ఉంచితే గాలి తగలని ఆ నూనెలో బొటులిజం కలిగించే బ్యాక్టీరియా పెరగొచ్చు. వాసనా రంగూ మారకపోవచ్చు కాబట్టి చూసి కనిపెట్టలేం. వెల్లుల్లి వేసిన డ్రెస్సింగ్‌ని చేసిన వెంటనే ఫ్రిజ్‌లో పెట్టి మూడు నాలుగు రోజుల్లో వాడేయండి. వాసన మాత్రమే కావాలంటే చిదిమిన రెబ్బని వెనిగర్‌లో పది నిమిషాలు ఉంచి తీసేయండి. వెల్లుల్లి లేనిదైతే ఫ్రిజ్‌లో వారం పైనే ఉంటుంది.

నిల్వకి గాజు సీసా వాడండి. పాత జామ్ సీసా రేకు మూత వెనిగర్ తగిలి లోపల తుప్పు పడుతుంది, మూతకీ సీసాకీ మధ్య బటర్ పేపర్ ముక్క పెట్టుకోండి. ఇత్తడి, రాగి, అల్యూమినియం గిన్నెల్లో కలపడం కూడా వద్దు, స్టీలు గిన్నె అయితే ఫరవాలేదు.