అప్పీల్ గడువు దాటిపోయిందా? కండోన్ డిలే పిటిషన్ ఇలా వేసుకోండి

జిల్లా వినియోగదారుల కమిషన్లో కేసు ఓడిపోయి, వేద్దాంలే వేద్దాంలే అనుకుంటూ అప్పీల్ గడువు దాటబెట్టుకున్నారా, అంతటితో అయిపోలేదు, ఆలస్యాన్ని మన్నించమని అప్పీల్‌తో పాటే ఇంకో పిటిషన్ వేసుకోవచ్చు. మన లాయర్లు దీన్నే కండోన్ డిలే పిటిషన్ అంటారు. కాకపోతే అడగ్గానే ఇచ్చేస్తారని మాత్రం అనుకోకండి.

ముందు లెక్క తేల్చుకోండి. 2019 వినియోగదారుల రక్షణ చట్టం 41వ సెక్షన్ ప్రకారం జిల్లా ఆర్డర్ మీద స్టేట్ కమిషన్‌కి వెళ్లడానికి 45 రోజులు, స్టేట్ ఆర్డర్ మీద జాతీయ కమిషన్‌కి అయితే 51వ సెక్షన్ ప్రకారం 30 రోజులే. పాత 1986 చట్టంలో జిల్లా ఆర్డర్‌కి కూడా 30 రోజులే ఉండేది, అందుకే ఇప్పటికీ కొంతమంది 30 అని చెప్తుంటారు, కంగారు పడకండి. సెక్షన్లో ఆర్డర్ తేదీ నుంచి అనే ఉంటుంది గానీ, ఆర్డర్ మనకి తెలియజేసిన రోజు నుంచి లెక్కేయాలని పాత చట్టం కింద హర్యానా హౌసింగ్ బోర్డు కేసులో 1995లోనే సుప్రీంకోర్టు చెప్పింది. అందుకే కాపీ వచ్చిన పోస్టు కవరు అస్సలు పారేయొద్దు, దాని మీద ఉన్న ముద్రే మీ సాక్ష్యం.

ఇప్పుడు అసలు పని. ఒక ఉదాహరణ తీసుకుందాం. జూన్ 3న ఆర్డర్, కాపీ చేతికొచ్చింది జూన్ 14న. 15 నుంచి లెక్కేస్తే 45వ రోజు జులై 29. అప్పీల్ వేసింది ఆగస్టు 20న, అంటే ఆలస్యం 22 రోజులు. ఈ 22 అనే అంకె పిటిషన్లోనూ అఫిడవిట్లోనూ ఒకేలా ఉండాలి, ఒకచోట 22 ఇంకోచోట 25 అని పడిందంటే ఎదుటి లాయరు ముందు దాన్నే పట్టుకుంటాడు. సరే, కారణం ఏంటి? జులై 22న ఆపరేషన్, ఆగస్టు 2న డిశ్చార్జ్, 12 దాకా బెడ్ రెస్ట్ అని డాక్టర్ రాసిచ్చాడు. బాగానే ఉంది, మరి 13 నుంచి 19 దాకా ఏం చేశారు? చాలా అఫిడవిట్లు తేలిపోయేది సరిగ్గా ఇక్కడే. "13న లాయర్ని కలిశాను, 16కి డ్రాఫ్ట్ అయింది, 19న డిపాజిట్‌కి డీడీ తీశాను" అని తేదీలతో రాసి, డిశ్చార్జ్ సమ్మరీ, డీడీ జిరాక్స్ జతచేస్తే ఆ ఖాళీ పూడుతుంది. "అనారోగ్యం వల్ల ఆలస్యమైంది, ఇది ఉద్దేశపూర్వకం కాదు" అని రెండు లైన్ల రెడీమేడ్ ఫార్మాట్ కొట్టించి సంతకం పెట్టేవాళ్లని చూస్తే నాకైతే జాలేస్తుంది.

రోజుకో సంజాయిషీ అక్కర్లేదు, మరీ అక్షరం పట్టుకుని వేలాడొద్దు అని 1987లో కాతీజీ కేసులో సుప్రీంకోర్టు అంది, మన తరఫున ఎప్పుడూ చెప్పేది ఇదే. కానీ 2011లో అన్షుల్ అగర్వాల్ కేసులో అదే కోర్టు, వినియోగదారుల కేసులు త్వరగా తేలాలనే ఈ చట్టంలో ప్రత్యేకంగా గడువు పెట్టారు, ఆలస్యం మన్నించేటప్పుడు అది మర్చిపోకూడదు అని కూడా చెప్పింది. కాబట్టి సివిల్ కోర్టులో నడిచింది కదా ఇక్కడా నడుస్తుందిలే అనే ధీమా వద్దు.

లాయర్ చెప్పలేదండీ అనే కారణం ఒక్కటే పెట్టుకుని వెళ్లొద్దు, మీరు ఆయనకి ఎప్పుడు ఫోన్ చేశారు, ఏం మెసేజ్ పెట్టారు అన్నది ఉంటే దాన్ని చూపించండి. లేని జబ్బుకి సర్టిఫికెట్ తేవడం అయితే అసలొద్దు, అఫిడవిట్ అంటే ప్రమాణం చేసి చెప్పే మాట, దొరికిపోతే ఆలస్యం సంగతి అటుంచి కొత్త కేసు మెడకి చుట్టుకుంటుంది. డబ్బు కట్టమని మీ మీద ఆర్డర్ ఉంటే అందులో సగం డిపాజిట్ చేయందే అప్పీల్ తీసుకోరు, దాని ఏర్పాటు ముందే చూసుకోండి.

ఇంకోటి, ఇదంతా అప్పీల్ సంగతే. జిల్లా కమిషన్లో ఎదుటి పార్టీ జవాబు వేయడానికి 30 రోజులు, మహా అయితే ఇంకో 15, ఆ పైన ఒక్కరోజు కూడా మన్నించే అధికారం లేదని 2020లో హిల్లీ కోల్డ్ స్టోరేజ్ కేసులో అయిదుగురు జడ్జిల బెంచ్ తేల్చేసింది.

మీరే గెలిచి, కంపెనీ వాళ్లు లేటుగా అప్పీల్ వేశారనుకోండి, నోటీసు రాగానే వాళ్ల అఫిడవిట్ కాపీ తీసుకుని ఏ తేదీలకి జవాబు లేదో చూసి కౌంటర్, అంటే వాళ్ల పిటిషన్‌కి మీ జవాబు, వేయండి. ఫైల్ ఈ టేబుల్ నుంచి ఆ టేబుల్‌కి తిరిగింది అనే కథ రాసుంటే 2012 నాటి లివింగ్ మీడియా కేసు చూపించండి, అందులో పోస్టల్ శాఖ 427 రోజుల ఆలస్యానికి దాదాపు ఇదే కథ చెప్తే సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. ఒకవేళ కమిషన్ మన్నించేలా ఉంటే కనీసం ఖర్చులైనా ఇప్పించమని ఆ కౌంటర్లోనే అడిగేయండి.