సెంటర్‌బ్యాక్ కావాలంటే: హ్యారీ సౌటార్ ఆట, కెరీర్ చూసి నేర్చుకోవాల్సినవి

ఖతార్ వరల్డ్ కప్‌లో 2022 నవంబరు 26న ఆస్ట్రేలియా 1-0తో ట్యునీషియాను ఓడించింది. గోల్ మిచెల్ డ్యూక్‌ది. సెంటర్‌బ్యాక్ (డిఫెన్స్ మధ్యలో ఆడేవాడు) కావాలనుకునే పిల్లలు మాత్రం ఆ మ్యాచ్ చివర్లో ఆస్ట్రేలియా డిఫెండర్ హ్యారీ సౌటార్ చేసిన స్లైడింగ్ ట్యాకిల్ చూడాలి. గోల్ వైపు తప్పించుకుపోతున్న ఫార్వర్డ్‌ని వెనక నుంచి పరుగెత్తి అందుకుని, ఫౌల్ లేకుండా బంతి లాగేశాడు. ఆ ముందు ఏడాదంతా మోకాలి గాయంతో బయట కూర్చుని వచ్చిన మనిషి అతను.

సౌటార్ 1998లో స్కాట్లాండ్‌లోని అబర్డీన్‌లో పుట్టాడు. తల్లిది ఆస్ట్రేలియా. అన్న జాన్ సౌటార్ కూడా డిఫెండరే, స్కాట్లాండ్‌కి ఆడతాడు. ఇతను స్కాట్లాండ్ జూనియర్ జట్లకు ఆడి, తర్వాత ఆస్ట్రేలియాని ఎంచుకున్నాడు. ఎత్తు దాదాపు ఆరున్నర అడుగులు. అంత ఎత్తున్నవాడు ఏం చేసి నెగ్గుకొచ్చాడో చూస్తే పొట్టివాళ్లకూ పనికొచ్చే సంగతులు చాలా దొరుకుతాయి. ఎత్తు హెడర్లకు (తలతో బంతి కొట్టడానికి) వరమే, పక్కకి తిరగాల్సి వచ్చినప్పుడు మాత్రం బరువు.

ముందు నిలబడటం నేర్చుకోవాలి

బంతి ఉన్న ఫార్వర్డ్ ఎదురొస్తుంటే ఛాతీ చూపించి నిటారుగా నిలబడకండి. రెండు పాదాలు ఒకే గీత మీద ఉంటే ఎటు తిరగాలన్నా ముందు ఒక అడుగు సర్దుకోవాలి. ఆ ఒక్క అడుగు చాలు, అతను దాటిపోతాడు. పక్కకు తిరిగి, ఒక కాలు ముందు, ఒక కాలు వెనక పెట్టి, మోకాళ్లు వంచి, బరువు పాదాల ముందు భాగం మీద ఉంచండి. అతనికీ మీకూ మధ్య ఒకటిన్నర మీటరు దూరం ఉండాలి. వేగం ఎక్కువున్న ఆటగాడైతే రెండు మీటర్లు. అతని భుజాలు, నడుము ఎన్ని వేషాలైనా వేస్తాయి, కాబట్టి చూపు బంతి మీదే పెట్టండి. మీ ముందు కాలు ఎటు ఉంటే అతనికి అటు దారి మూసుకుపోతుంది కనుక, ఆ కాలితో అతన్ని టచ్‌లైన్ (మైదానం పక్క గీత) వైపుకో, అతని బలహీనమైన కాలి వైపుకో తోలండి.

పొడుగువాళ్లు ఇంకో పని చేయాలి. వెనక్కి తిరిగి పరుగందుకోవడానికి మీకు అందరికంటే కొంచెం ఎక్కువ సమయం పడుతుంది కాబట్టి, వెనక బంతి పడుతుందని అనుమానం రాగానే రెండు మూడు అడుగులు ముందే వెనక్కి జరగండి. పొడుగు డిఫెండర్లను ‘స్లో’ అని తీసిపారేసే కోచ్‌లు చాలామంది ఉన్నారు. నిజానికి ఆ పిల్లల్లో ఎక్కువమందికి లోపం కాళ్లలో ఉండదు, ఆలస్యంగా బయల్దేరడంలో ఉంటుంది.

క్రాస్ (పక్క అంచు నుంచి గోల్ ముందుకి వేసే బంతి) వచ్చేటప్పుడు జరిగే తప్పు వేరు. బంతినే చూస్తూ వెనకున్న మనిషిని వదిలేస్తారు. బంతీ మనిషీ రెండూ కనపడేలా ఒళ్లు కోణంగా తిప్పుకుని, అతనికంటే గోల్‌కి దగ్గరగా నిలబడండి. చేయి ఒకటి అతనికి తేలిగ్గా తగులుతూ ఉంటే ఎక్కడున్నాడో చూడకుండానే తెలుస్తుంది. జెర్సీ మాత్రం పట్టుకోకూడదు. భుజం మీదుగా వెనక్కి చూసే అలవాటు బంతి అవతలి సగంలో ఉన్నప్పుడే మొదలవ్వాలి.

లైన్ ఎప్పుడు పైకి, ఎప్పుడు వెనక్కి

లైన్ అంటే డిఫెండర్ల వరస. దాన్ని కదపడానికి ఒకే గుర్తు. బంతి ఉన్నవాడు తల ఎత్తి ఉన్నాడా, అతని మీద ఒత్తిడి ఉందా? తల ఎత్తి, చుట్టూ ఎవరూ లేకుండా ఉంటే మీ వెనక ఖాళీలోకి బంతి వేస్తాడు, లైన్ మొత్తం వెనక్కి జరగాలి. తల దించుకున్నా, మన గోల్‌కి వీపు పెట్టినా, మన మిడ్‌ఫీల్డర్ మీద పడ్డా వెంటనే ఆగాలి, వీలైతే పైకి రావాలి. వాళ్లు వెనక్కి పాస్ ఇస్తే ఆ బంతి దొర్లుతున్నంతసేపూ అయిదారు అడుగులు ముందుకు రండి.

సాధనకి నలుగురు డిఫెండర్లు, బంతితో ఒక కోచ్ చాలు. కోచ్ ఒకసారి తల ఎత్తుతాడు, ఒకసారి వీపు తిప్పుతాడు. నలుగురూ ఒకేసారి కదలాలి. పది నిమిషాలు మించొద్దు, మించితే ధ్యాస చెదురుతుంది. నలుగురిలో ఒక్కడే గట్టిగా అరిచి చెప్పాలి. ఇద్దరు చెబితే సగం లైన్ పైకి, సగం వెనక్కి పోతుంది, ఆఫ్‌సైడ్ పోయి గోల్ పడుతుంది.

డిఫెన్స్ మనవాళ్లకి అబ్బని విద్యేమీ కాదు. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో ఆస్ట్రేలియాను వాళ్ల గడ్డ మీదే 4-2తో ఓడించిన భారత జట్టుకి కోచ్ హైదరాబాద్ రహీం సాబ్ (సయ్యద్ అబ్దుల్ రహీం). హైదరాబాద్ సిటీ పోలీస్ డిఫెండర్ అజీజుద్దీన్ ఆ ఒలింపిక్స్ జట్టులో ఉన్నాడు.

నేల మీదకి జారడం ఆఖరి మాట

సౌటార్ ట్యాకిల్ చూసి పిల్లలు మర్నాడే గ్రౌండ్‌లో జారడం మొదలుపెడతారు. దానికి ముందు మూడు చూసుకోవాలి. నా వెనక కాపాడేవాళ్లు ఇంకెవరైనా ఉన్నారా? ఫార్వర్డ్ బంతిని తన కాలికి దూరంగా తోశాడా? నేను పక్క నుంచి వస్తున్నానా, నేరుగా వెనక నుంచా? వెనక ఎవరూ లేకుండా, బంతి అతని కాలికి దూరమై, మీరు పక్కకు చేరినప్పుడే జారాలి. ఈ మూడింటిలో ఒక్కటి తప్పినా నిలబడే ఉండాలి, వెంట పరుగెత్తాలి.

దీనికి ఉదాహరణ కూడా ఆస్ట్రేలియా చరిత్రలోనే ఉంది. 2006 జూన్ 26న జర్మనీలోని కైజర్స్‌లౌటర్న్‌లో ఇటలీతో వరల్డ్ కప్ ప్రీక్వార్టర్స్. మాటెరాజీకి రెడ్ కార్డ్ పడటంతో ఇటలీ పది మందితో ఆడుతోంది. ఇంజురీ టైమ్ అయిపోవస్తోంది, ఎక్స్‌ట్రా టైమ్‌కి పోతే ఆస్ట్రేలియాదే పైచేయి. ఎడమ అంచు నుంచి పెనాల్టీ ఏరియాలోకి వచ్చిన ఫాబియో గ్రోసోకి ఎదురుగా ఆస్ట్రేలియా డిఫెండర్ లూకాస్ నీల్ కిందికి జారాడు. గ్రోసో బంతిని పక్కకి దాటించి, నేల మీదున్న నీల్ ఒంటి మీదుగా పడ్డాడు. పెనాల్టీ. టోటీ గోల్ చేశాడు, ఆస్ట్రేలియా ఇంటికెళ్లింది. అది ఫౌలా కాదా అని ఇప్పటికీ వాదించేవాళ్లున్నారు. డిఫెండర్‌కి ఆ వాదనతో పని లేదు. గ్రోసో ఉన్న చోటు నుంచి గోల్‌కి కోణం సన్నగా ఉంది, బంతి అతని అదుపులోనే ఉంది. నిలబడి ఉంటే అతను ఇంకో అడుగు వేయాల్సి వచ్చేది, పాస్ వెతుక్కోవాల్సి వచ్చేది. నేల మీదున్న డిఫెండర్ రెఫరీ ఏం తేలుస్తాడో ఎదురుచూడటం తప్ప ఏమీ చేయలేడు. నీల్ ఆ టోర్నమెంట్ అంతా గొప్పగా ఆడాడు కాబట్టే అది మరింత బాధగా ఉంటుంది.

జారే పద్ధతి ఇది. పరుగు చివర్లో నడుము కిందికి దించండి. కింద ఉండే కాలు మోకాలి దగ్గర మడిచి, తొడ పక్క భాగం మీద జారండి. పై కాలు చాచి, పాదం నేలకి దగ్గరగా ఉంచి బంతిని తోయండి లేదా పాదంతో కొక్కెంలా లాగండి. బూటు అడుగు భాగం ఎదుటివాడి కాలికి చూపిస్తే రెడ్ కార్డ్ ఖాయం అనుకోవాలి. చేతులు బిగించి నేలకి ఆనించకండి, మణికట్టు విరిగేది అక్కడే. జారిన వెంటనే మడిచిన కాలి ఊతంతో లేవడం కూడా ట్యాకిల్‌లో భాగమే.

మొదట కదలని బంతితో ఒక్కోవైపు అయిదుసార్లు, తర్వాత దొర్లే బంతితో, ఆ తర్వాతే మనిషితో. తడి గడ్డి ఉంటేనే చేయండి. మొరం, గట్టి మట్టి గ్రౌండ్‌లో వద్దే వద్దు, తొడ చర్మం లేచిపోతుంది, మర్నాటి నుంచి పిల్లాడు జారడానికి భయపడతాడు. అలాంటి గ్రౌండ్‌లో బ్లాక్ ట్యాకిల్ నేర్పండి: ఆనుకున్న కాలు బంతి పక్కన, మోకాలు వంచి, చీలమండ బిగించి, పాదం లోపలి వైపుతో, ఒంటి బరువంతా బంతి మీదకి తెచ్చి.

నియమం కూడా తెలిసి ఉండాలి. ఖాయమైన గోల్ అవకాశాన్ని ఫౌల్ చేసి ఆపితే బాక్స్ (పెనాల్టీ ఏరియా) బయట రెడ్ కార్డ్. బాక్స్ లోపల బంతి కోసమే ప్రయత్నించినట్టయితే పెనాల్టీతో పాటు పసుపు కార్డ్. లాగినా, తోసినా, బంతి అందే అవకాశమే లేకుండా తన్నినా అక్కడా రెడ్డే.

హెడర్

బంతి మీ దగ్గరికి వచ్చేదాకా ఆగకండి, మీరే బంతి మీదకి వెళ్లాలి. రెండు మూడు అడుగుల పరుగు, ఒంటికాలి మీద ఎగరడం, మెడ బిగించడం, కళ్లు తెరిచి ఉంచడం, నుదురు పై భాగంతో కొట్టడం. డిఫెన్స్‌లో ఎత్తుగా, దూరంగా, పక్కలకి వెళ్లేలా బంతి కింది సగాన్ని కొట్టండి. ఎదుటివాళ్ల గోల్ దగ్గరైతే పై సగాన్ని కొట్టి కిందికి దించండి. సౌటార్ ఆస్ట్రేలియాకి ఆడిన మొదటి రెండు మ్యాచ్‌ల్లోనే, 2019లో నేపాల్ మీదా చైనీస్ తైపీ మీదా గోల్స్ కొట్టాడు. కార్నర్‌కి ఇలాంటి పొడుగువాళ్లు గోల్ ముందు గుంపులో నిలబడిపోతే లాభం లేదు. బాక్స్ అంచు నుంచి పరుగు తీస్తే కాపలావాడు మిమ్మల్నీ బంతినీ ఒకేసారి చూడలేడు.

సాధన పరిమితి మాత్రం గట్టిగా పాటించండి. ఇంగ్లండ్‌లో 2021 నుంచి ప్రొఫెషనల్స్‌కే ట్రైనింగ్‌లో బలమైన హెడర్లు వారానికి పది మించొద్దని సూచన ఉంది. చిన్నపిల్లలకు మెత్తటి బంతి, చేత్తో విసరడం సరిపోతుంది.

ఏ క్లబ్, ఎప్పుడు

సౌటార్ స్కాట్లాండ్ క్లబ్ డండీ యునైటెడ్‌లో మొదలై, 2016లో పదిహేడేళ్లకే ఇంగ్లండ్‌లోని స్టోక్ సిటీకి వెళ్లాడు. మొదటి జట్టులో చోటు వెంటనే రాలేదు. స్కాట్లాండ్‌లో రాస్ కౌంటీకి, తర్వాత ఇంగ్లండ్ మూడో అంచెలోని ఫ్లీట్‌వుడ్ టౌన్‌కి లోన్ మీద (తాత్కాలికంగా) వెళ్లాడు. అతన్ని సెంటర్‌బ్యాక్‌గా తయారు చేసింది ఆ ఫ్లీట్‌వుడ్ రోజులే అని చెప్పాలి. వారం వారం పెద్దవాళ్ల ఆట, మోచేతులు, బురద, పొడవాటి బంతులు. అండర్-21 మ్యాచ్‌లు ఎన్ని ఆడినా ఆ అనుభవం రాదు.

2023 జనవరిలో లెస్టర్ సిటీ పెద్ద మొత్తం పెట్టి కొంది. ఆ ఏడాదే లెస్టర్ ప్రీమియర్ లీగ్ నుంచి దిగిపోయింది, మరుసటి సీజన్ అతనికి చోటే దొరకలేదు. 2024లో మళ్లీ లోన్ మీద షెఫీల్డ్ యునైటెడ్‌కి వెళ్లి అక్కడ క్రమం తప్పకుండా ఆడాడు. మరో ఆస్ట్రేలియా డిఫెండర్ ట్రెంట్ సెయిన్స్‌బరీ 2015 ఆసియా కప్ గెలిచిన జట్టులో ముఖ్యుడు. 2017లో ఇంటర్ మిలాన్‌కి లోన్ మీద వెళ్లి ఆడింది ఒక్కటంటే ఒక్క లీగ్ మ్యాచ్.

అందుకే క్లబ్ ఎంచుకునేటప్పుడు పేరు పక్కన పెట్టి ఇవి అడగండి: మీ స్థానంలో ఇప్పటికే ఎంతమంది ఉన్నారు, కోచ్ వెనక ముగ్గురితో ఆడిస్తాడా నలుగురితోనా, పోయిన సీజన్‌లో కుర్రాళ్లకి ఎన్ని నిమిషాలు దొరికాయి. ఎడమకాలి సెంటర్‌బ్యాక్‌లు తక్కువ, మీరు ఆ కోవలోవారైతే మీ బేరం బలం ఎక్కువ.

గాయాలు

2021 నవంబరులో సౌదీ అరేబియాతో ఆడుతూ సౌటార్ ఏసీఎల్ (మోకాలి కీలుని పట్టి ఉంచే ముఖ్యమైన లిగమెంట్) తెగింది. తిరిగి ఆడటానికి దాదాపు ఏడాది పట్టింది. 2024 డిసెంబరు 26న మడమ వెనకుండే అకిలీస్ టెండన్ (పిక్క కండరాన్ని మడమకి కలిపే పట్టీ) తెగింది. డిఫెండర్ ఒక్కసారిగా ఆగాలి, తిరగాలి, ఎగిరి ఒంటికాలి మీద దిగాలి. మోకాలు, మడమ మీద భారం పడేది ఆ క్షణాల్లోనే.

పూర్తిగా తప్పించలేం, తగ్గించగలం. ఫిఫా 11+ వార్మప్ ఇరవై నిమిషాలు: ఎనిమిది నిమిషాలు నెమ్మది పరుగు, పది నిమిషాలు బలం, బ్యాలెన్స్, జంప్‌లు, రెండు నిమిషాలు వేగం. వారానికి కనీసం రెండుసార్లు. ఎగిరి దిగేటప్పుడు మోకాలు లోపలికి వంగుతుంటే అక్కడే ఆపి సరిచేయండి. గ్రౌండ్ చుట్టూ రెండు రౌండ్లు కొట్టి అదే వార్మప్ అనుకునే జట్లు ఇంకా ఉన్నాయి, అది చాలదు.

ఏసీఎల్ సర్జరీ అయితే మొదటి రెండు వారాల లక్ష్యం వాపు తగ్గడం, మోకాలు పూర్తిగా చాచగలగడం. తర్వాత తొడ బలం. తొమ్మిది నెలలకంటే ముందు మ్యాచ్ వద్దు. తొమ్మిది నెలలైనా గాయపడిన కాలి బలం, ఒంటికాలితో దూకే పరీక్షల ఫలితం రెండో కాలితో పోలిస్తే 90 శాతానికి చేరకపోతే ఆగాల్సిందే. ‘నొప్పి లేదు కదా’ అని ఆరో నెలలో దిగినవాళ్లకే మళ్లీ తెగే ప్రమాదం ఎక్కువ.

కాంట్రాక్ట్, ఏజెంట్

పద్దెనిమిదేళ్లు నిండకుండా ఒక దేశం నుంచి ఇంకో దేశం క్లబ్‌కి మారడం ఫిఫా నిబంధనల ప్రకారం కుదరదు. కుటుంబం ఫుట్‌బాల్‌తో సంబంధం లేని కారణంతో తరలివెళ్లడం లాంటి కొన్ని మినహాయింపులే ఉన్నాయి. ‘పదిహేనేళ్ల మీ అబ్బాయిని ఆస్ట్రేలియా క్లబ్‌లో చేర్పిస్తాం, ముందు డబ్బు కట్టండి’ అని ఎవరైనా అంటే అక్కడితో మాట ఆపేయండి. ఏజెంట్‌కి ఫిఫా లైసెన్స్ ఉండాలి, పేరు ఫిఫా వెబ్‌సైట్‌లో వెతికి చూసుకోవచ్చు. మైనర్ దగ్గరికి రావాలంటే తల్లిదండ్రుల రాతపూర్వక అనుమతి ముందే తీసుకోవాలి.

కాంట్రాక్ట్ గరిష్ఠంగా అయిదేళ్లు, పద్దెనిమిది లోపువాళ్లకు మూడేళ్లు. చివరి ఆరు నెలల్లో వేరే క్లబ్‌తో ఒప్పందం చేసుకోవచ్చు. సంతకానికి ముందు గాయంతో ఆడలేని నెలల్లో జీతం ఎవరిస్తారు, సర్జరీ ఖర్చు ఎవరిది, క్లబ్ కింది డివిజన్‌కి దిగితే జీతం ఎంత తగ్గుతుంది అనే మూడు క్లాజులు వెతికి చదవండి. కాగితంలో లేకపోతే రాయించండి. నోటిమాట మీద వదిలేయకండి.