డెంగీ రిపోర్టులో యాంటీజెన్ వేరు, యాంటీబాడీ వేరు

వానాకాలం వస్తే మా వరంగల్‌లో ఏ గల్లీలో చూసినా జ్వరాలే, చేతుల్లో డెంగీ రిపోర్టులే. అందులో ఎన్‌ఎస్1 అనేది యాంటీజెన్, అంటే వైరస్ సొంత ప్రోటీన్. జ్వరం మొదలైన తొలి రోజుల్లోనే రక్తంలో దొరుకుతుంది. ఐజీఎం, ఐజీజీ మాత్రం యాంటీబాడీలు. వైరస్‌ను ఎదుర్కోవడానికి మన ఒళ్లు తయారుచేసుకునేవి (బడి పుస్తకాల్లో ప్రతిరక్షకాలు అని చదివాం కదా, అవే). ఐజీఎం కనబడటానికి సాధారణంగా నాలుగైదు రోజులు పడుతుంది. అందుకే రెండో రోజే ఐజీఎం ఒక్కటే చేయించి, నెగెటివ్ అని నిశ్చింతగా ఉండిపోకండి. మా అమ్మ విషయంలో మేం చేసిన పొరపాటు అదే. ఐజీజీ ఒక్కటే పాజిటివ్ అయితే అది పాత డెంగీ గుర్తు కావచ్చు. టెన్షన్ పడకుండా డాక్టరుకు చూపించండి. వెళ్లేముందు, జ్వరం ఏ తేదీన మొదలైందో రిపోర్టు మీదే పెన్నుతో రాసుకోండి.