న్యూయార్క్‌లో సిటీఫెప్స్ టెనెంట్‌కి ఇల్లు ఇస్తున్నారా? బ్రోకర్ ఫీజు కాగితాలు ఇలా పూర్తి చేయండి

హైదరాబాద్‌లో ఇల్లు కుదిర్చిన బ్రోకర్‌కి కమిషన్ చేతిలో పెడితే లెక్క తీరిపోతుంది. న్యూయార్క్ నగరంలో సిటీఫెప్స్ (అద్దెకి సాయం చేసే నగర పథకం) వోచర్‌తో వచ్చే టెనెంట్ దగ్గర ఆ పద్ధతి కుదరదు. ఇక్కడ బ్రోకర్ ఫీజు మంజూరైతే దాన్ని నగర సామాజిక సేవల విభాగమే నేరుగా బ్రోకర్‌కి ఇస్తుంది. ఆ ఫీజు కోరే కాగితం విడిగా నడవదు, ఓనరు పంపే కాగితాల కట్టతోనే, అంటే ప్యాకెట్‌తోనే కదులుతుంది. ఓనరు కాగితంలో ఒక్క అక్షరం తేడా వచ్చినా బ్రోకర్ డబ్బుతో పాటు మీ అద్దె కూడా ఆగుతుంది. క్వీన్స్‌లోనో బ్రాంక్స్‌లోనో రెండు కుటుంబాల ఇల్లు కొని, ఒక పోర్షన్ అద్దెకిచ్చేవారిని దృష్టిలో పెట్టుకుని రాసింది ఇది.

ఫారాలు ముట్టుకునే ముందు

టెనెంట్ దగ్గర వోచర్ లెటర్ ఉంటుంది, వాడుకలో షాపింగ్ లెటర్ అంటారు. కుటుంబంలో ఎంతమంది, అద్దె ఎంతవరకు ఒప్పుకుంటారు, లెటర్ ఎప్పటిదాకా చెల్లుతుంది అన్నవి అందులో చూడండి. గడువు దగ్గర పడితే కేస్ మేనేజర్‌తో కొత్తది ఇప్పించుకోమనండి. షెల్టర్‌లో, అంటే ఇల్లు లేనివాళ్ళకిచ్చే వసతిలో ఉన్నవాళ్ళకి అక్కడి కేస్ మేనేజర్ ఉంటారు. షెల్టర్‌కి వెళ్ళకుండా బయట ఉన్నవాళ్ళ కేసులు చాలావరకు హోమ్‌బేస్ అనే నగర సహాయ కేంద్రాలు చూస్తాయి.

తర్వాత పోర్షన్ సంగతి. ప్యాకెట్ వెళ్ళాక భవనాల శాఖ, గృహ శాఖ రికార్డుల్లో మీ ఇంటిని వెతుకుతారు. సర్టిఫికెట్ ఆఫ్ ఆక్యుపెన్సీలో (ఇంట్లో ఎన్ని కుటుంబాలు ఉండొచ్చో చెప్పే పత్రం) రెండు కుటుంబాలు అని ఉండి, మీరు మూడో పోర్షన్ అద్దెకిస్తుంటే ప్యాకెట్ అక్కడితో ఆగిపోతుంది. మన అపార్ట్‌మెంట్లలో సెల్లార్ అంటే పార్కింగ్. న్యూయార్క్ లెక్కలో సెల్లార్ అంటే ఎత్తులో సగానికన్నా ఎక్కువ రోడ్డు మట్టానికి కింద ఉన్న అంతస్తు. ఒకటి, రెండు కుటుంబాల ఇళ్ళలో నగర అనుమతి లేకుండా దాన్ని అద్దెకివ్వడం చట్టవిరుద్ధం. ఎంత బాగా టైల్స్ వేయించినా అంతే. దీన్ని తేల్చుకోకుండా బ్రోకర్‌ని పిలిస్తే అతని శ్రమా మీ శ్రమా వృథా.

వోచర్ అనగానే వద్దనేయడం కూడా కుదరదు. ఆదాయం ఎక్కడినుంచి వస్తుందో చూసి టెనెంట్‌ని నిరాకరించడాన్ని నగర చట్టం 2008 నుంచి, రాష్ట్ర చట్టం 2019 నుంచి నిషేధించాయి. "ఈ ఫారాలు నేను నింపను" అని కూర్చోవడం కూడా ఆ నిరాకరణ కిందికే వస్తుంది.

మొదటి మెట్టు: ఒక తెల్లకాగితం

ఫారాలు తెరిచే ముందు ఒక కాగితం మీద మూడు సంగతులు రాసుకోండి: ఓనరు పేరు, పోర్షన్ చిరునామా, నెల అద్దె. ఇక లీజులోనూ, ల్యాండ్‌లార్డ్ ఇన్ఫర్మేషన్ ఫారంలోనూ, పన్ను నంబరు తెలిపే డబ్ల్యూ-9 ఫారంలోనూ, బ్రోకర్ ఫీజు ఫారంలోనూ దాన్ని చూసే రాయండి. వెనక్కి వచ్చే ప్యాకెట్లలో తప్పు ఎక్కువగా ఈ మూడింటిలోనే దొరుకుతుంది.

పేరు మనవాళ్ళకి పెద్ద తలనొప్పి. దస్తావేజులో "వెంకట సుబ్బారావు" అని విడివిడిగా, సోషల్ సెక్యూరిటీ కార్డులో "వెంకటసుబ్బారావు" అని కలిపి ఉంటుంది. పాస్‌పోర్టులో ఇంటిపేరు ఉంటుంది, ఇంకోచోట దాని పొడి అక్షరమే ఉంటుంది. మనకు అంతా ఒకటే మనిషి, కంప్యూటర్‌కి ఇద్దరు. ఇంటి హక్కుకి సంబంధించిన చోట దస్తావేజులోని పేరు, పన్నుకి సంబంధించిన చోట టాక్స్ రిటర్న్‌లోని పేరు రాయాలి. రెండూ వేరుగా ఉంటే ఇద్దరూ ఒకరేనని నోటరీ ముందు సంతకం చేసిన అఫిడవిట్ ముందే జతచేయండి, వాళ్ళు అడిగేదాకా ఆగొద్దు.

చిరునామాలో క్వీన్స్ గీతని మరిచిపోవద్దు. అక్కడ ఇంటి నంబరు మధ్యలో అడ్డగీత ఉంటుంది, 104-27 లాగా. దాన్ని ఒకచోట 10427 అని రాస్తే వెతుకులాటలో ఇల్లు దొరక్కపోవచ్చు. పోర్షన్ పేరుదీ అదే గొడవ. లీజులో "మొదటి అంతస్తు", బ్రోకర్ ఫారంలో "అపార్ట్‌మెంట్ 1" అని ఉంటే అవి రెండు వేర్వేరు పోర్షన్లు. అమెరికా లెక్కలో మొదటి అంతస్తు అంటే మన గ్రౌండ్ ఫ్లోరే అని కూడా గుర్తుంచుకోండి.

అద్దె అంటే లీజులో రాసిన నెల అద్దె, అంతే. పార్కింగ్‌కి ఇంకో 50 డాలర్లు కలిపి బ్రోకర్ తన ఫారంలో రాస్తే రెండు అంకెలూ కలవవు.

రెండో మెట్టు: ఓనరు వైపు కాగితాలు

యాజమాన్యానికి రుజువుగా దస్తావేజు ప్రతి కావాలి. మన్‌హాటన్, బ్రాంక్స్, బ్రూక్లిన్, క్వీన్స్ దస్తావేజులు నగర ఆన్‌లైన్ రికార్డు అయిన ఆక్రిస్‌లో ఉచితంగా దొరుకుతాయి. స్టేటన్ ఐలాండ్‌వైతే రిచ్‌మండ్ కౌంటీ క్లర్క్ దగ్గర. దస్తావేజులో భార్యాభర్తలిద్దరి పేర్లూ ఉంటే లీజు మీద ఇద్దరూ సంతకం చేయడమే మేలు.

మీరూ మీ కుటుంబమూ ఆ ఇంట్లో ఉండకుండా రెండు పోర్షన్లూ అద్దెకిస్తుంటే, లేదా ఇంట్లో మూడు అంతకన్నా ఎక్కువ పోర్షన్లుంటే, గృహ శాఖ దగ్గర ఏటా రిజిస్ట్రేషన్ చేయించాలి. గడువు సెప్టెంబర్ 1, రుసుము 13 డాలర్లు. ఇది మురిగిపోయి ఉండటం చాలామంది గమనించరు.

1978కి ముందు కట్టిన ఇల్లయితే సీసం రంగు గురించి తెలిపే ఫారం లీజుతో పాటే సంతకం కావాలి. లీజు కనీసం ఏడాదికి ఉండాలి.

మూడో మెట్టు: డబ్ల్యూ-9

ప్యాకెట్‌లో రెండు డబ్ల్యూ-9లు ఉంటాయి, ఒకటి మీది, ఒకటి బ్రోకర్‌ది. కలపకండి.

మీ పేరు మీదే ఇల్లుంటే మొదటి వరసలో మీ పేరు, కింద మీ సోషల్ సెక్యూరిటీ నంబరు. ఒక్కరే సభ్యుడుగా ఉన్న ఎల్‌ఎల్‌సీ (ఒక రకం కంపెనీ) పేరు మీద ఇల్లుంటే చాలామంది పొరపడతారు. పన్నుల శాఖ దాన్ని విడి సంస్థగా చూడని పక్షంలో మొదటి వరసలో రావాల్సింది మీ పేరు, రెండో వరసలో ఎల్‌ఎల్‌సీ పేరు. నంబరు కూడా మీదే ఇవ్వాలి, ఎల్‌ఎల్‌సీకి తెచ్చుకున్న ఈఐఎన్ (సంస్థలకిచ్చే పన్ను నంబరు) కాదు.

హెచ్‌-1బీ మీద ఉన్నవాళ్ళు "నేను సిటిజన్‌ని కాదు కదా" అని ఆగిపోతుంటారు. పన్ను లెక్కలో రెసిడెంట్ అయితే డబ్ల్యూ-9 ఇవ్వవచ్చు. ఇల్లు అక్కడే ఉంచి ఇండియాకి తిరిగొచ్చేసి, పన్ను లెక్కలో నాన్‌రెసిడెంట్ అయినవాళ్ళు మాత్రం ఇవ్వకూడదు. వాళ్ళకి డబ్ల్యూ-8 వరుస ఫారాలు వర్తిస్తాయి, ఏదన్నది సీపీఏని, అంటే లైసెన్సున్న అకౌంటెంట్‌ని అడిగి తేల్చుకోండి.

నాలుగో మెట్టు: బ్రోకర్ నుంచి తీసుకోవాల్సినవి

ఫీజు కోరుతూ సంతకం చేసిన ఫారం, లైసెన్సు ప్రతి, డబ్ల్యూ-9. ఈ మూడూ చేతికొచ్చాక లైసెన్సు మీద ఏముందో చదవండి. న్యూయార్క్‌లో బ్రోకర్ వేరు, సేల్స్‌పర్సన్ వేరు. ఇల్లు చూపించింది సేల్స్‌పర్సన్ అయితే అతను కమిషన్ తన పేరున తీసుకోవడానికి వీల్లేదు. తాను పనిచేసే బ్రోకర్ ద్వారానే తీసుకోవాలి. అందుకని ఫారంలో, డబ్ల్యూ-9లో డబ్బు అందుకునే పేరు ఆ బ్రోకరేజీది అవ్వాలి. తన సొంత డబ్ల్యూ-9 పెడితే ఫీజు ఆగిపోతుంది, తర్వాత ఎన్ని ఫోన్లు చేసినా లాభం ఉండదు.

లైసెన్సు రెండేళ్ళకోసారి కొత్తది చేయించుకోవాలి. గడువు తేదీ చూసి, రాష్ట్ర డిపార్ట్‌మెంట్ ఆఫ్ స్టేట్ వెబ్‌సైట్‌లో ఆ నంబరు వెతికి సరిచూసుకోండి. రెండు నిమిషాల పని. లైసెన్సు లేని బావమరిది టెనెంట్‌ని తెచ్చాడని అతని పేరున ఫీజు అడగడం మాత్రం చేయకండి, లైసెన్సు లేనివాళ్ళు కమిషన్ తీసుకోవడమే నేరం.

ఐదో మెట్టు: ఫీజు లెక్క

గరిష్ఠంగా ఏడాది అద్దెలో 15%. నెల అద్దె 2,400 డాలర్లనుకోండి. పన్నెండు నెలలకి 28,800. అందులో 15% అంటే 4,320 డాలర్లు. బ్రోకర్ అంతకన్నా తక్కువకి ఒప్పుకోవచ్చు, ఎక్కువ రాయకూడదు. నెల అద్దె మీద 15% వేసి 360 అని రాసేవాళ్ళూ, ఒక నెల అద్దె రాసి ఊరుకునేవాళ్ళూ ఉన్నారు. లెక్క పక్కన చిన్న అక్షరాలతో గుణకారం రాయించండి, చూసేవాళ్ళకి సందేహం ఉండదు.

2025 జూన్ 11 నుంచి బ్రోకర్ ఫీజు ఎవరు కట్టాలో చెప్పే నగర ఫేర్ చట్టం అమల్లోకి వచ్చింది. ఓనరు తరఫున పనిచేసే బ్రోకర్ ఫీజుని టెనెంట్ మీద వేయకూడదు. ఓనరు అనుమతితో ప్రకటన వేసిన బ్రోకర్‌ని ఓనరు మనిషిగానే చూస్తారు. కాబట్టి లీజుకి ముందే కేస్ మేనేజర్‌కి ఈమెయిల్ పెట్టండి: ఈ కేసులో బ్రోకర్ ఫీజు మంజూరవుతుందా, ఫారం తాజా ప్రతి ఏది అని. జవాబు దాచుకోండి. మంజూరు కాదని తేలితే ఆ ఫీజు మీకూ బ్రోకర్‌కీ మధ్య సంగతి, టెనెంట్‌కి సంబంధం లేదు.

చేతి డబ్బు వద్దు

మన అలవాటులో ముందు అడిగేది అడ్వాన్సే. ఇక్కడ దాని బదులు సెక్యూరిటీ వోచర్ ఇస్తారు, డబ్ల్యూ-147ఎన్ అని ఫారం పేరు. అది నగదు కాదు, టెనెంట్ బాకీ పడితేనో ఇల్లు పాడుచేస్తేనో ఒక నెల అద్దె వరకు ఇస్తామనే హామీ. దాంతో పాటు టెనెంట్ దగ్గర నగదు కూడా తీసుకుంటే, లేదా లీజులో లేని అద్దె "పక్కన ఇంత" అని మాట్లాడుకుంటే, అది సైడ్ డీల్. ప్రోగ్రాం దీన్ని నిషేధించింది. తాళాలిచ్చే రోజున ప్రతి గదినీ తేదీతో ఫొటో తీసి పెట్టుకోండి. రేపు ఆ వోచర్ మీద డబ్బు అడగాల్సొస్తే ఆ ఫొటోలే ఆధారం.

పంపడం, వెంటపడటం

ప్రతి కాగితాన్నీ విడి పీడీఎఫ్‌గా స్కాన్ చేయండి. మంచం మీద పరిచి ఫోన్‌తో తీసిన ఫొటోల్లో మూలలు తెగిపోతాయి, సంతకం మీద నీడ పడుతుంది. తప్పు పడితే వైట్‌నర్ పూయకుండా కొత్త ఫారం నింపండి. ఫైలు పేరులో చిరునామా, కాగితం పేరు పెట్టండి. అంతా ఒకే ఈమెయిల్‌లో కేస్ మేనేజర్‌కి పంపి, బ్రోకర్‌కి ప్రతి పెట్టండి. మీ సోషల్ సెక్యూరిటీ నంబరున్న డబ్ల్యూ-9ని మాత్రం ఆ ప్రతిలోంచి తీసేయండి.

వారం తర్వాత రెండు ప్రశ్నలు రాసి అడగండి: ఇంటికి క్లియరెన్స్ వచ్చిందా? ఏదైనా కాగితం తక్కువైందా? "ఎంతవరకొచ్చింది" అని అడిగితే "చూస్తున్నాం" అనే జవాబే వస్తుంది. ఈలోగా అద్దె మారిస్తే, లీజు తేదీ జరిపితే, బ్రోకర్ ఫారం కూడా కొత్తది కావాలి. లీజు ఒక్కటే మార్చి పంపినప్పుడు అద్దె వచ్చి బ్రోకర్ ఫీజు రాకపోవడానికి కారణం తరచూ ఇదే.